బావి గట్టున కారు ఇంజను

నా చిన్నప్పుడు మా బావి గట్టున ఒక కారు ఇంజను ఉండేది. కారు లేదు, ఇంజను మాత్రమే. పామిడి దారిలో బాడుగకు తిరిగి తిరిగి ఒక పాత కారు కూలబడిపోతే, దాని ఇంజను విప్పించి మా నాయన ఎవరిదో బండి మీద వేసుకుని తెచ్చాడు. అప్పటికి వరసగా వానలు లేవు. మేత దొరక్క ఎద్దులను అమ్మేశాం. ఎద్దులు పోయాక కపిల లాగి నీళ్లు తోడేదెట్లా? కరెంటు ఇంకా మా పొలాల దాకా రాలేదు. అందుకని ఆ ఇంజనును రాతి దిమ్మె మీద బిగించి, బెల్టు వేసి, దానితో పంపు తిప్పించేవాళ్లు. మొదట కాస్త పెట్రోలు పోసి లేపడం, వేడెక్కాక కిరసనాయిలుకు మార్చడం. పెట్రోలు మీదే నడపడానికి మేమేమీ జమీందార్లం కాము.

ఆ ఇంజనుకు పెత్తనం మా చిన్నాయనది. ముందున్న రంధ్రంలో ఇనుప హ్యాండిల్ దూర్చి, ఒక్క ఊపుతో తిప్పి లేపేవాడు. అది గర్జిస్తే తానే గర్జించినట్టు ఊరంతా చూసేవాడు. మనిషి చెడ్డవాడని నేను అనను. కానీ ఆయన చేసిన పని తలచుకుంటే ఈ వయసులో కూడా నా ఒళ్లు మండుతుంది.

మా ఇంట్లో మా అత్త ఉండేది. నాయనకు చెల్లెలు, చిన్నాయనకు అక్క. చిన్నాయనను చంకన వేసుకుని పెంచింది ఆమే. పెళ్లయిన కొద్ది రోజులకే భర్త పోతే, విడపనకల్లు దగ్గర అత్తవారింట్లో ఆమెకు పశువుల కొట్టంలో చాప వేశారు. నాయన పోయి చూసి, అక్కడికక్కడే వెంటబెట్టుకుని వచ్చేశాడు. మా ఇంట్లో ఆమె చేయని పని లేదు. సంగటి కెలికేది, కలుపు తీసేది, పేడ ఎత్తేది. అయినా మగవాళ్లు పనికి బయలుదేరేటప్పుడు ఆమె ఎదురు రాకూడదు. వాకిట్లోకి చెప్పుల చప్పుడు వినబడితే చాలు, చేతిలో పని వదిలేసి గోడ చాటుకు పోయేది. నేను ఆమె కొంగు పట్టుకుని తిరిగే పిల్లను కాబట్టి నేను కూడా ఆమెతో పాటు గోడ చాటుకు పోయేదాన్ని. ఎందుకు దాక్కుంటున్నామో నాకు తెలిసేది కాదు. ఆట అనుకునేదాన్ని.

ఆ ఏడు వేరుశనగకు ఊడలు నేలలోకి దిగే అదునులో వాన మొహం చాటేసింది. బావిలో నీళ్లు కొద్దిగా ఉన్నాయి. అవి చేనుకు అందితే ఇంటికి గింజలు, లేకపోతే లేదు. అట్లాంటి రోజుల్లో ఒక పొద్దున అత్త, నేను సంగటి గంప తీసుకుని బావి దగ్గరికి పోయాం. మేము గట్టు ఎక్కుతుండగానే చిన్నాయన హ్యాండిల్ తిప్పాడు. అది తిరగాల్సిన వైపుకు తిరగకుండా ఎదురు తన్నింది. ఎముక విరిగిన చప్పుడు నాకు వినబడింది. చిన్నాయన మణికట్టు పట్టుకుని నేల మీద కూలబడ్డాడు.

సంగటి గంప దించి అందరికన్నా ముందు ఆయన దగ్గరికి పరుగెత్తింది అత్తే. పక్క చేను పెద్దాయన అక్కడే ఉన్నాడు. విరిగిన చెయ్యి వైపు కాకుండా ఆమె వైపు చూశాడు.

"ఎదురుగా వచ్చి నిలబడె. ఇంగ ఇట్ల కాకుంటే ఎట్లయితాది?"

మా జేజి అప్పుడే చేలోంచి వచ్చింది. కన్నకూతురనే జాలి కూడా లేకుండా అందుకుంది. "మే, నీకు ఎన్నిసార్లు చెప్పల్ల, మొగోల్లు పని మొదలుపెట్టేటప్పుడు ఎదురు రావాకని?"

"అన్నం తేకుంటే తేలేదంటారు. తెస్తే వచ్చినావంటారు. నేను యా దావన రావల్లమ్మా?" అంది అత్త.

చిన్నాయన పళ్లు బిగించుకుని నాయనతో అన్న మాట మాత్రం నేను చచ్చేదాకా మరవను. "అక్కను పంపించేయన్నా. ఆమె ఈడుంటే ఈ ఇంజను నడవదు."

కాసేపటికి, మర్నాటి బస్సుకు అత్తను విడపనకల్లుకు పంపేటట్టు జేజి, పెద్దాయన కలిసి తేల్చేశారు. నాయన తల ఎత్తలేదు. ఆ కొట్టంలో చాప సంగతి ఆయన కంటితో చూసినవాడే. అయినా ఎత్తలేదు.

నాయన, పెద్దాయన కలిసి చిన్నాయనను పెద్దాయన ఎద్దుల బండిలో వేసుకుని కట్టు కట్టే మనిషి దగ్గరికి తీసుకుపోయారు. పోతూ పోతూ పామిడిలో ఒక మెకానిక్కుకు కబురు పెట్టారు. మధ్యాహ్నానికి ఆయన సైకిలు మీద వచ్చాడు. అందరూ సాయిబు మామ అనేవాళ్లు. గొప్పలు చెప్పుకోవడంలో ఆయనను మించినవాడు లేడు. "ఈ ఇంజను రోడ్డు మీద పరిగెత్తేటప్పుడు దీనికి నేనే డాక్టరును," అంటూ దాని మీద చరిచాడు. ఇంజనును మెల్లగా తిప్పడానికి ఒక మనిషి కావాలన్నాడు. ఉన్నది జేజి, అత్త, నేను. అత్త ముందుకు వస్తే జేజి అడ్డం పోయింది.

"ఆమె ముట్టుకోకూడదు సాయిబూ."

"అయితే నువ్వు రా అవ్వా, తిప్పుదువు," అన్నాడాయన. జేజి నడుము పట్టుకుని గొణుక్కుంటూ ఇంటికి పోయింది.

ఆయన ప్లగ్గు ఒకటి విప్పి ఆ రంధ్రం మీద వేలు పెట్టాడు. అత్త హ్యాండిల్ పట్టి మెల్లగా తిప్పింది. లోపలి గాలి వేలిని తోసినప్పుడు ఆగమన్నాడు, చక్రం మీది గుర్తు చూసి ఇంకాస్త తిప్పమన్నాడు. ఇంజను పక్కన ఒక గుండ్రటి డబ్బా ఉంది. ప్లగ్గులకు నిప్పురవ్వ పంచేది అదేనట. దాని మూత తీస్తే లోపల కందిగింజంత ఇనుప పాయింట్లు రెండు, ఒకదాన్నొకటి ఆనుకుని ఉన్నాయి. అవి విడిపోయిన క్షణంలో రవ్వ పుడుతుందని చెప్పాడు. తర్వాత ఒక సిగరెట్టు చీల్చి, పొగాకు నోట్లో వేసుకుని, పల్చటి కాగితం చేతికి తీసుకున్నాడు. ఏదీ పారేయలేదు. అందుకే నాకు ఆ మనిషి నచ్చాడు. కాగితం ముక్కను పాయింట్ల మధ్య పెట్టి, కొస నా చేతికిచ్చాడు.

"మెల్లగా పట్టుకో పాపా. పీకొద్దు. దానంతట అది వదిలినప్పుడు చెప్పు."

ఆయన డబ్బా కింద నట్టు వదులు చేసి, డబ్బాను అటూ ఇటూ కొంచెం కొంచెం తిప్పాడు. కాగితాన్ని లోపల ఎవరో మునిపళ్లతో పట్టుకున్నట్టు ఉంది. ఒకచోట ఉన్నట్టుండి వదిలేసింది. "వచ్చింది," అన్నాను. "అదీ, రవ్వ పుట్టే జాగా," అన్నాడు.

అత్త అడిగింది, మొన్నటిదాకా బాగుండిన ఇంజను ఎందుకు తన్నిందని. ఆయన చెప్పిన తీరు ఇది. "ఒకే రోట్లో ఇద్దరు ఆడోల్లు దంచుతాంటారు గదమ్మా. ఒకామె రోకలి పైకి లేస్తానే ఇంగొకామెది దిగల్ల. లేవకముందే దించితే రెండూ కొట్టుకుంటాయి. దీన్లో గూడ అంతే. లోపల పిస్టను ముద్ద పైకి ఎక్కకముందే రవ్వ పడితే, ఎక్కేదాన్ని వెనక్కి నూకుతాది. ఆ దెబ్బ హ్యాండిల్ పట్టినోని చేతికి తగుల్తాది. కిరసనాయిలు పోసేదానికి రవ్వను ఇంకా వెనక్కే పెట్టల్ల, లేకుంటే లోపల టకటకా కొట్టుకుంటాది."

తర్వాత నట్టు బిగించబోతూ ఆగి, దాని మీద వేలు రాశాడు. "దీన్ని ఎవురో కొత్తగా తిప్పినారే. చూడు, పానా జారి గీసుకునింది. పెట్రోలు మీద గర్జన బాగా వస్తాదని రవ్వను ముందుకు జరిపినారు. నీళ్లు ఎక్కువొస్తాయనుకున్నారో ఏమో."

అత్త ఆ నట్టు వైపు చూసింది. మా ఇంట్లో పానా పట్టేది ఒక్క మనిషే.

సాయిబు మామ డబ్బాకూ ఇంజనుకూ కలిపి ఉలితో ఒక గీత గీశాడు, ఎప్పుడైనా కదిలితే ఆ గీత కలిపి పెట్టుకోండని. బొటనవేలు హ్యాండిల్ చుట్టూ వేయకుండా, వేళ్ల పక్కనే పెట్టి పైకి లాగాలని అత్తకు చూపించాడు. ఇంజను ఒక్క ఊపుకు లేచింది.

సాయంత్రం నాయన వాళ్లు వచ్చారు. ఇంజను బాగైందని తెలియగానే జేజి చేసిన పని, దానికి నిమ్మకాయలు కట్టి టెంకాయ కొట్టడం. అత్త నాయనను పక్కకు పిలిచి చెప్పింది. "అన్నా, ఆ నట్టు మీద పానా గుర్తు ఉండాది. ఎవురు తిప్పినారో కనుక్కో."

"పోనీలేమ్మా. బాగైంది గదా," అన్నాడు నాయన.

చిన్నాయన కట్టు కట్టిన చెయ్యి ఒళ్లో పెట్టుకుని గోడ వైపు తిరిగి పడుకున్నాడు. బస్సు మాట మాత్రం ఎవరూ వెనక్కి తీసుకోలేదు. బాగైందని ఒప్పుకున్నారు, ఆమె దోషం కాదని మాత్రం ఒప్పుకోలేదు. నిమ్మకాయలు కట్టారు కాబట్టి బాగైందట, ఆమె పోతోంది కాబట్టి ఇక బాగుంటుందట.

తెల్లారి అత్త బట్టల మూట కట్టుకుని బస్సు దగ్గరికి కాకుండా బావి దగ్గరికి వచ్చింది. నాయన, చిన్నాయన, పక్క చేను పెద్దాయన, నీళ్ల వంతుకు వచ్చిన ఇద్దరు ముగ్గురు అక్కడే ఉన్నారు. ఆమెను చూసి పెద్దాయన మొహం పక్కకు తిప్పుకున్నాడు. ఆమె మూట కింద పెట్టి పానా తీసుకుంది. డబ్బా కింద నట్టు వదులు చేసింది. నూనె మురికిలో డబ్బా నిన్న పొద్దుటి జాగా చారలాగా కనబడుతోంది. ఆ చార దాకా డబ్బాను తిప్పి నట్టు గట్టిగా బిగించింది. నాయన లేచి నిలబడ్డాడు గానీ అడ్డుకోలేదు.

"చూడండప్పా. ఇంజను నిన్న పొద్దున యాడుండెనో ఆడనే పెట్టినా," అంది. గొంతు పెంచలేదు. "నిమ్మకాయలు కట్టినారు, టెంకాయ కొట్టినారు. తప్పంతా నాదే అంటిరి గదా. నేను ఆ వంక దాటి బండ చాటుకు పోతా, మీ కంటికి గూడ కనపడను. మీరు తిప్పండి. ఇంజను లేస్తే ఆడినుంచి ఆడికే బస్సు ఎక్కుతా."

అని వెళ్లిపోయింది. నీళ్లు లేక ఎండిన వంకలో దిగి, అవతలి గట్టెక్కి, బండ వెనక్కి పోయింది. ఇక ఆమె కొంగు కూడా కనబడలేదు.

హ్యాండిల్ ఇంజనులోనే ఉంది. ఎవరూ కదలలేదు.

"తిప్పు పెద్దాయనా," అన్నాడు నీళ్ల వంతుకు వచ్చిన వాళ్లలో ఒకాయన.

"నా భుజం పట్టేసింది. నువ్వు తిప్పు, వయసులో ఉండావు."

"మాకేమి తెలుసప్పా, మేము నీళ్లకొచ్చినోల్లం."

ఆ మాట అన్నాయన నవ్వబోయి మానుకున్నాడు. నాయన ఒక్కొక్కరి మొహం చూశాడు. చివరికి తానే హ్యాండిల్ వైపు వంగాడు. అప్పుడు చిన్నాయన నోరు ఊరుకోలేదు.

"అన్నా, ముట్టుకోవాకు. డబ్బా అట్ల పెట్టింటే ఎవురు తిప్పినా చెయ్యి ఇరుగుతాది."

నాయన వంగినవాడు వంగినట్టే ఆగిపోయాడు. "నీకెట్ల తెలుసురా?" అని అడిగాడు.

చిన్నాయన కట్టు చెయ్యి పట్టుకుని వెనక్కి జరిగాడు. పెద్దాయన తువ్వాలు దులుపుకుని తన చేను వైపు నడిచాడు. పొద్దెక్కుతోందని, పని ఉందని ఏదో అన్నాడు.

నేను వంక దాటి పరిగెత్తి అత్తను పిలుచుకొచ్చాను. ఆమె ఎవరినీ ఏమీ అడగలేదు. ఉలి గీత కలిపి నట్టు బిగించింది. బొటనవేలు పక్కకు పెట్టి హ్యాండిల్ పైకి లాగింది. ఇంజను లేచింది. కిరసనాయిలుకు మార్చింది, అది టకటక లేకుండా సాఫీగా సాగింది. నీళ్లు కాలువలో పడ్డాయి. నాయన ఆమె మూట నా చేతికిచ్చి, "ఇంట్లో పెట్టుపో," అన్నాడు. అంతే. ఆమె మా ఇంట్లో ఉండిపోవడానికి జరిగిన పంచాయితీ అంత మాత్రమే.

క్షమించమని ఒక్కరూ అనలేదు. జేజి అనలేదు, నాయన అనలేదు, చిన్నాయన అసలే అనలేదు. ఆ ఏడు చేతికొచ్చిన వేరుశనగ అందరూ తిన్నారు. పొలాలకు కరెంటు వచ్చేదాకా ఇంజను నడిపింది మా అత్తే. చిన్నాయన ముసలివాడయ్యాక కూడా వంకర తిరిగిన మణికట్టు చూపించి గ్రహపాటు అనేవాడు. నేను ఎదురుగా కూర్చుని ఉన్నా అట్లాగే అనేవాడు.

నా మనవరాళ్లకు ఈ సంగతి చెబితే, "పాపం, అప్పటివాళ్లకు తెలియదు కదా జేజీ," అంటారు. చదువుకున్న పిల్లలు, మంచి మనసుతోనే అంటారు. నాకు మాత్రం కోపం వస్తుంది. తెలియకపోవడం ఏమిటి? తెలియనివాళ్లయితే ఆ రోజు హ్యాండిల్ పట్టుకుని తిప్పేవాళ్లు. ఆమె వంక దాటి పోయాక ఇక భయమెందుకు? అంతమందిలో ఒక్క చెయ్యి కూడా దాని మీదికి పోలేదంటే, దోషం ఎక్కడుందో అందరికీ తెలుసు. దాన్ని ఇనుము మీద వేస్తే ఎవరు తిప్పారని అడగాల్సి వస్తుంది, ఆడమనిషి మీద వేస్తే ఎవరూ అడగరు.

ఇప్పటికీ మా వీధిలో ఎవరైనా, కొత్త కోడలు కాలు పెట్టినప్పటినుంచే బోరు ఎండిపోయిందనో, ఫలానా మనిషి ఎదురొచ్చినందుకే పని చెడిందనో మొదలుపెడితే, నేను వాళ్ల మాట వినను. వాళ్ల చేతులు ఎక్కడున్నాయో చూస్తాను.