సారాంశం చదివి ఆపేసిన మాత్ర

మా చెల్లెలు మాత్రలు వేసుకోవడం ఆపేసిందని నాకు తెలిసింది ఒక శుక్రవారం సాయంత్రం, అశోక్ నగర్‌లోని వాళ్ళింట్లో, పొయ్యి మీద టీ మరుగుతుండగా. చక్కెర కోసం అలమర తెరిస్తే డబ్బా పక్కనే మాత్రల అట్ట ఉంది. ఆ అట్ట మీద రోజుల పేర్లు పెన్నుతో రాసుకోవడం తనకు చిన్నప్పటి అలవాటు. బుధవారం మాత్ర అలాగే ఉంది. గురువారం మాత్ర కూడా.

తనకు పన్నెండో ఏట నుంచి మూర్ఛ ఉంది. మా ఇంట్లో ఫిట్స్ అనేవాళ్ళం. మందు సరిగ్గా వేసుకున్నన్నాళ్ళూ ఏమీ రాదు. చాలా ఏళ్ళుగా రాలేదు కూడా. పెళ్ళయింది. పోటీ పరీక్షలకు చదివే పిల్లలకు కోచింగ్ సెంటర్‌లో సైన్సు చెబుతుంది. అప్పుడు కడుపుతో మూడో నెల. మందు ఆపితే ఏమవుతుందో నాకు బాగా తెలుసు. చిన్నప్పుడు తను పడిపోతే తల కింద చున్నీ మడిచి పెట్టి, ఒంటిని పక్కకు తిప్పి పట్టుకున్నది నేనే.

"ఇదేందే?" అన్నాను అట్ట చూపించి.

"ఆపిన."

"డాక్టరమ్మ ఆపుమన్నదా?"

ఫోన్ నా చేతిలో పెట్టింది. ఒక వైద్య పత్రికలో వచ్చిన పరిశోధన వ్యాసం తాలూకు సారాంశం, ఇంగ్లీషులో, పది పన్నెండు వాక్యాలు. తెర మీద కనిపించినంత మేరకు ఫొటో తీసి దాచుకుంది. ఫిట్స్‌కు ఇలాంటి మందులు వాడిన తల్లుల పిల్లల్లో పుట్టుక లోపాలు ఎక్కువగా కనిపించాయని అందులో ఉంది. మొత్తం వ్యాసం చదవాలంటే డబ్బు కట్టాలి, లేదా ఏదైనా విశ్వవిద్యాలయం ద్వారా లోపలికి రావాలి అని అడుగున రాసి ఉంది.

నేను అక్కడే నిలబడి డాక్టరమ్మకు ఫోన్ చేశాను. ఆమె ఈ రోజు మాత్ర ఇప్పుడే వేయించమనీ, రేపు సాయంత్రం ఇద్దరినీ రమ్మనీ చెప్పింది. ఫోన్ స్పీకర్‌లోనే ఉంది. చెల్లెలు వింది. విని కూడా మాత్ర ముట్టలేదు.

"ఆమె అట్లనే అంటది అక్కా. నాకు ఫిట్స్ రావొద్దు, అంతే ఆమెకు. లోపలున్నదాని సంగతి ఎవలు చూడాలె?"

"డాక్టరుకు తెల్వదా, నీకు తెలుసా?"

"తెల్వదనే అంటున్న. ఆ పేపర్ మొత్తం తెచ్చియ్యి. చదివి, నా మందు మంచిదే అని ఉంటే నీ ముంగటనే వేసుకుంట."

మరిది ఉద్యోగ శిక్షణ మీద వేరే జిల్లాలో ఉన్నాడు. అతనికి చెప్పొద్దంది. చెబితే రాత్రికి రాత్రే బస్సెక్కి వస్తాడని భయం. నేను చిక్కడపల్లిలో మా ఇంటికి ఫోన్ చేసి, ఈ పూట రానని చెప్పి, తన పక్కనే పడుకున్నాను.

ఒక మాట దాచకుండా చెప్పాలి. ఆ రాత్రి నా ప్రార్థన సాఫీగా సాగలేదు. మందు వదిలేసి దేవుని మీద భారం వేయడమే విశ్వాసం అని చెప్పేవాళ్ళు మా చర్చి స్త్రీల సమాజంలోనూ ఉన్నారు. వాళ్ళు చెడ్డవాళ్ళు కారు, మా చెల్లెలి కోసం చిన్నప్పుడు ఉపవాసాలు ఉన్నవాళ్ళే. కాని మా నాన్న సంఘ పెద్దగా ఉంటూనే ఇంట్లో ఒక మాట అనేవాడు: ప్రార్థన మోకాళ్ళ మీద చెయ్యాలి, మాత్ర నీళ్ళతో మింగాలి, రెండూ ఇచ్చినవాడు ఒక్కడే అని. చెల్లెలిది ఆ కోవ కూడా కాదు. తను దేవుణ్ణి పరీక్షించడం లేదు, కాగితాన్ని నమ్ముతోంది. నమ్మిన కాగితం సగమే చూసింది. ప్రభువా, మిగతా సగం ఎక్కడుందో చూపించు అని అడిగాను. అంతకన్నా మంచి మాటలు నాకు రాలేదు.

నేను నారాయణగూడలో ఒక డిగ్రీ కాలేజీలో తెలుగు చెబుతాను. మన సంఘాల్లో పాడుకునే కీర్తనల భాష మీద పీహెచ్‌డీ చేస్తున్నందువల్ల నాకు విశ్వవిద్యాలయ గ్రంథాలయం కార్డు ఉంది. ఆ కార్డుతో నేను వెళ్ళింది ఎప్పుడూ కింది అంతస్తుకే, దుమ్ము పట్టిన పాత పాటల పుస్తకాల బీరువాల దగ్గరికే. పై అంతస్తులో కంప్యూటర్ల విభాగం ఉందని బోర్డు చూసి తెలుసు, అంతే.

శనివారం పొద్దున చెల్లెలికి తోడుగా పక్కింటి ఆమెను కూర్చోబెట్టి, మాత్రల అట్ట హ్యాండ్‌బ్యాగులో వేసుకుని, సారాంశం ఫొటో నా ఫోన్‌కు పంపించుకుని, ఫ్లైఓవర్ కింద బస్సెక్కాను. గ్రంథాలయం తెరిచేసరికే మెట్ల మీద ఉన్నాను.

పై అంతస్తులో ఒకాయన ఉన్నాడు. జుట్టు నెరిసింది, మెడలో కళ్ళజోడు తాడు. నా కార్డు చూసి కంప్యూటర్ చూపించాడు. నేను కూర్చుని వెతికే పెట్టెలో మాత్ర పేరు కొట్టాను, అట్ట మీద పెద్ద అక్షరాల్లో ఉన్నది ఉన్నట్టు. ఏమీ రాలేదు. ఒక అక్షరం మార్చి కొట్టాను. ఏమీ రాలేదు. మూడోసారి దాని పక్కన ఫిట్స్ అని కూడా చేర్చాను. నా వెనక ఆయన వచ్చి నిలబడ్డాడని నాకు తెలియదు.

"తెలుగు పీహెచ్‌డీకి ఫిట్స్ గోలీలెందుకు మేడం?"

చెప్పాను. ఆయన జోక్ వేసినందుకు నొచ్చుకున్నాడేమో, కుర్చీ లాక్కుని కూర్చుని అట్ట అడిగి తీసుకున్నాడు.

"ఇది కంపెనీ పెట్టుకున్న పేరు. ఇదే గోలీకి పది కంపెనీలు పది పేర్లు పెడ్తయి. పరిశోధన చేసినోళ్ళు ఈ పేరు రాయరు. కింద సన్నగా ఉన్నది చూడున్రి, గది అసలు పేరు."

నాకు వెంటనే అర్థమైంది. మా సంఘంలో చిట్టెమ్మ కోసం బాప్తిస్మం రిజిస్టరులో వెతికితే దొరకదు. అక్కడ ఆమె పేరు వేరు, వీధిలో పిలిచే పేరు వేరు. ఎన్నిసార్లు చూడలేదు, పెళ్ళి సర్టిఫికెట్ కోసం వచ్చి, రిజిస్టరులో తమ పేరే లేదని కంగారు పడేవాళ్ళను. నేనిప్పుడు రిజిస్టరు ముందు కూర్చుని ముద్దుపేరు పెట్టి పిలుస్తున్నాను.

అసలు పేరు కొట్టి, గర్భం అనే మాట చేర్చేసరికి ఎన్నో వ్యాసాలు వచ్చాయి, పేజీ దిగేకొద్దీ దిగుతూనే ఉంది. అందులో మాది ఏదో తెలియదు, ఫొటోలో వ్యాసం పేరు లేదు. ఆయన నా ఫోన్ అందుకుని సారాంశంలోంచి ఒక పూర్తి వాక్యం, చివరి చుక్క వదిలేసి, రెండు వైపులా కొటేషన్ గుర్తులు పెట్టి టైపు చేశాడు. అచ్చం ఆ వాక్యం ఎక్కడుందో అదే రావాలని చెప్పాడు. వచ్చింది, ఒకే ఒక్కటి.

అక్కడితో అయిపోయిందనుకుని నేను ప్రింటర్ వైపు చూశాను. కాని పూర్తి వ్యాసం మీద నొక్కితే మళ్ళీ అదే గోడ, డబ్బు కట్టమని. ఆ పత్రికకు ఈ విశ్వవిద్యాలయం చందా కట్టడం లేదట. వైద్య పత్రికలు ఇక్కడ తక్కువ. రాసినవాళ్ళే ఉచితంగా ఎక్కడైనా పెట్టారేమోనని ఆయన మరో రెండు చోట్ల చూశాడు. లేదు. నా ముఖం చూసి, జర ఆగమన్నాడు. ఒక వైద్య కళాశాల గ్రంథాలయంలో తనతో కలిసి చదువుకున్న ఆమె పనిచేస్తోందనీ, ఒక గ్రంథాలయంలో లేనిది ఇంకో గ్రంథాలయం నుంచి తెప్పించుకోవడం వాళ్ళకు మామూలేననీ చెప్పి, నాతో ఒక చిన్న ఫారం నింపించి పంపాడు. మామూలుగా రెండు మూడు రోజులు పడుతుందట. ఆయన ఫోన్ కూడా చేశాడు. ఏం మాట్లాడాడో నేను వినలేదు గాని, "కడుపుతోని ఉన్నదమ్మా" అన్న మాట మాత్రం వినబడింది.

నేను వెళ్ళి మెట్ల మీద కూర్చున్నాను. గంటకోసారి పక్కింటి ఆమెకు ఫోన్. బాగానే ఉంది, పడుకుంది, చారు తాగింది. మధ్యాహ్నం రెండు దాటాక ఆయన పై నుంచి తొంగి చూసి, గొంతు పెంచకుండా, "వచ్చింది రాండ్రి" అన్నాడు.

పదకొండు పేజీలు. ప్రింటర్ ఒక్కొక్కటే బయటికి తోస్తుంటే వెచ్చగా ఉన్నవి ఉన్నట్టే తీసుకున్నాను. ఇందులో ఏముందో చెప్పమని ఆయననే అడిగాను. ఆయన చెయ్యి అడ్డంగా ఊపాడు.

"వెతికి ఇచ్చేదే మా పని మేడం. అర్థం డాక్టరు చెప్పాలె. ఒక్కటి మాత్రం చెప్త. సారాంశంతోని ఆగకున్రి, పట్టికలు చూడున్రి. పట్టిక కింద సన్న అక్షరాలు గూడ."

ఆదివారపు బడిలో నేను ఇరవై ఏళ్ళుగా పిల్లలకు చెబుతున్నది ఇదే. ఒక్క వచనం తెంపుకుని భయపడొద్దు, ఒక్క వచనం తెంపుకుని గంతులెయ్యొద్దు. ముందు ఏముందో, తర్వాత ఏముందో, ఎవరితో అన్నారో చూడాలి. పిల్లలకు చెప్పేదాన్ని, నా సొంత చెల్లెలి ఫోన్‌లో పది వాక్యాలు చూసి నిన్న రాత్రంతా తనతో సమానంగా వణికాను. బస్సులో ఆ పేజీలు తిరగేశాను. లెక్కలు నాకు అర్థం కాలేదు. నాలుగో పేజీ పట్టికలో మాత్రం మందుల పేర్లు ఒక్కొక్కటీ ఒక్కో వరుసలో ఉన్నాయి. సన్న అక్షరాల్లో ఉన్న మా మందు పేరు మూడో వరుసలో కనిపించింది. ఆ వరుస మీద వేలు పెట్టుకునే అశోక్ నగర్ దాకా వెళ్ళాను.

చెల్లెలు నా చేతిలోంచి కాగితాలు లాక్కున్నట్టే తీసుకుంది. పాఠం చెప్పే మనిషి కదా, పెన్సిల్ అందుకుంది. మొదటి పేజీ వదిలేసి పట్టికకు వచ్చింది, వెనక్కి వెళ్ళింది, మళ్ళీ పట్టికకు వచ్చింది. కిటికీ బయట కింద ఎవరో పిల్లలు రేపటి టెస్ట్ పేపర్ గురించి వాదించుకుంటున్నారు.

"అక్కా, అన్ని మందులు కలిపి లెక్క చేసిన్రు," అంది చివరికి. "పెరిగిందంతా ఈ పై వరుసల ఉన్న మందుతోని. నా మందు వరుస చూడు, మందు వేసుకోనోళ్ళకు, దీనికి పెద్ద ఫరక్ లేదు." మొదటి పేజీకి తిప్పి, "అది గూడ సారాంశంల రాయొచ్చు గదా. ఏం పోతది వాళ్ళకు?" అంది.

చివరి పేజీలో ఇంకో మాట ఉంది. మందు ఒక్కసారిగా ఆపితే వచ్చే ఫిట్స్ తల్లికీ బిడ్డకూ చేసే హాని గురించి. దాని కింద పెన్సిల్‌తో గీత గీసింది గాని పైకి చదవలేదు.

అర్థం చెప్పేది డాక్టరేనని గ్రంథాలయం ఆయన అన్నది గుర్తుంచుకుని, సాయంత్రం దాకా ఆగకుండా ఆటో మాట్లాడుకుని నారాయణగూడలోని క్లినిక్‌కు వెళ్ళాం. డాక్టరమ్మ తిడుతుందనుకున్నాం. తిట్టింది కూడా, కాని కాగితాలు చూశాకనే. ఏ మందూ పూర్తిగా నిరపాయం కాదనీ, గర్భిణులకు తాము ఎక్కువగా నమ్మి ఇచ్చేవాటిలో ఇదొకటనీ, నీ మోతాదు తక్కువనీ, ఆపడంలోనే అసలు ప్రమాదమనీ చెప్పింది. తప్పిన మాత్రలన్నీ కలిపి వేసుకోవద్దు, ఇప్పుడు ఒక్కటి వేసుకుని రేపటి నుంచి మామూలుగా వేసుకో అంది. స్కానింగులు ఎప్పుడెప్పుడో రాసిచ్చింది. ఆ తర్వాత నెలలు నిండి పాప పుట్టడం, బాగుండడం వేరే సంగతి. ఆ రోజుకు మాకు అదేమీ తెలియదు. తెలిసింది ఆ ఒక్క వరుసే.

బయటి గదిలో నీళ్ళ క్యాన్ ఉంది. నేను బ్యాగులోంచి అట్ట తీసిచ్చాను. తను బుధవారం అని రాసిన చోట నొక్కి మాత్ర బయటికి తీసింది, నోట్లో వేసుకుని నీళ్ళు తాగింది. నేను చూస్తూనే ఉన్నాను.

"ఏంది చూస్తున్నవ్? నోరు తెరిచి చూపియ్యాల్నా?"

"చూపియ్యి."

నిజంగానే నాలుక బయటపెట్టి చూపించింది. క్యూలో కూర్చున్న ముసలాయన ఒకాయన మమ్మల్ని చూసి తల పక్కకు తిప్పుకున్నాడు.

క్లినిక్ మెట్లు దిగగానే నేను ఆగాను. రోడ్డు మీద బస్సులు, ఆటోలు, శనివారపు జనం. అయినా తన చెయ్యి పట్టుకుని కళ్ళు మూసుకుని స్తోత్రం మొదలుపెట్టాను. తన ప్రాణం కోసం, లోపలున్న ప్రాణం కోసం, డాక్టరమ్మ కోసం. పేరు కూడా అడగకుండా వచ్చేసిన ఆ గ్రంథాలయం ఆయన కోసం, ఎక్కడో కూర్చుని ఆ పదకొండు పేజీలు పంపిన, నేను ముఖమైనా చూడని ఆమె కోసం. ఇంకా చాలా ఉంది. నాకు మాటలు వస్తూనే ఉన్నాయి, నిన్న రాత్రి రానివన్నీ.

"ఆమేన్," అంది చెల్లెలు మధ్యలోనే, గట్టిగా.

కళ్ళు తెరిచి చూశాను.

"రెండు దినాలైంది అక్కా సరిగ్గ తినక. మిగిలింది ఇడ్లీ తినుకుంట చేద్దాం."