గాలిపొయ్యి మావయ్యగారు

మా పక్కింటి మావయ్యగారు పోయారు. పొద్దున్నే లేచి కాఫీ తాగి, పేపరు చదివి, కుర్చీలోనే తల వాల్చేశారు. కునుకు తీస్తున్నారనుకుని అత్తయ్యగారు ఫ్యాను కూడా వేశారట. పలకరించడానికి వచ్చినవాళ్ళందరిదీ గుమ్మంలో ఒకటే మాట: గుండె జబ్బు ఆవిడకి కదా, ఆయనకేమైంది అని. ఆ మాట ఆవిడ చెవిన పడేలా అనకండని ఇద్దరు ముగ్గురి మీద నేను విసుక్కున్నాను కూడా. మీలో ఎవరికీ ఆయన తెలిసి ఉండరు. మా తణుకులోనే వీధి దాటితే ఆయన్ని గుర్తుపట్టేవాళ్ళు తక్కువ. అయినా నాలుగు మాటలు రాయాలనిపించింది. ఒక్క కోడిముక్క కోసం అంత పాటుపడ్డ మనిషిని నేను ఇంకొకరిని చూడలేదు.

మాకూ వాళ్ళకీ చుట్టరికం ఏమీ లేదు. నేను ఆ వీధిలో కాపురం పెట్టిన రోజున ఆయన ప్రహరీ మీద నుంచి తొంగిచూసి, "నీళ్ళు పట్టుకున్నావా అమ్మాయ్, కుళాయి కట్టేస్తాడు" అన్నారు. అంతే, ఆయన మావయ్యగారు, ఆవిడ అత్తయ్యగారు అయిపోయారు. చెరుకు బళ్ళు తూచే కాటా దగ్గర పనిచేసి రిటైరైన మనిషి. వంటింటితో ఆయన సంబంధమంతా గుమ్మం దగ్గర నిలబడి "అయిందా?" అని అడగడం వరకే. పొయ్యి మీద పాలు చూస్తూ ఉండమంటే నిజంగా చూస్తూనే ఉండేవారు, పొంగిపోయేదాకా.

ఆదివారం వస్తే మా వీధంతా అత్తయ్యగారి కోడి వేపుడు వాసనే. నాలుగిళ్ళకి గిన్నెలు వెళ్ళేవి. అలాంటి ఆవిడకి గుండెకి స్టెంట్లు వేసి, ఇక నూనె జోలికి పోవద్దన్నారు డాక్టరుగారు. ఆవిడ వంట మానలేదు, తినడం మానేశారు. ఆయనకి వేపుడు వేయించి పెట్టి, తను మజ్జిగన్నంలో రెండు మెతుకులు కతికి లేచిపోయేవారు. ఉడకబెట్టిన కోడి పెడితే, ఇది మనుషులు తినేదేనా అని కంచం తోసేశారు. చూస్తుండగానే సగమైపోయారు, గాజులు మోచేతిదాకా జారిపోతున్నాయి. ఇలాగే ఉంటే మేం చేసిందంతా దండగే, కొవ్వులేని మాంసం రోజూ తినిపించండని డాక్టరుగారు మావయ్యగారిని కేకలేశారు. ఆ రోజు ఇంటికొచ్చి వరండాలో కూర్చున్న ఆయన ముఖం చూస్తే నాకే భయమేసింది.

వాళ్ళమ్మాయిది భీమవరం. ఆ వారంలోనే, నూనె లేకుండా వేడిగాలితోనే వేయించే ఎయిర్ ఫ్రయ్యర్ ఒకటి కొని తెచ్చింది. అల్లుడు రొయ్యలు నిలవచేసే కోల్డ్ స్టోరేజీలో పనిచేస్తాడు కనక, థర్మాకోల్ పెట్టెలో ఐసు పోసి, ఎముకా చర్మం లేని బ్రెస్టు ముక్కల ప్యాకెట్లు పట్టుకొచ్చాడు. రోజుకో ముక్క కోసం షాపువాడు కోడిని కొయ్యడు కదా. మన గోదావరి వాళ్ళ సంగతి తెలిసిందే. లోకమంతటికీ రొయ్యల్ని గడ్డకట్టించి పంపుతాం గానీ, మనదాకా వస్తే కళ్ళముందు కోసిన కోడి కాకపోతే ముద్ద దిగదు. అత్తయ్యగారు ఆ ప్యాకెట్టుని గట్టుమీద కొట్టి చూసి, ఇది కోడా ఇటుకా అని అడిగి లోపలికి వెళ్ళిపోయారు. మావయ్యగారు మాత్రం లుంగీ ఎగ్గట్టారు.

మొదటి రోజు నన్ను సాయానికి పిలిచారు. వెళ్ళి చూస్తే సింకులో పసుపుపచ్చటి మంచుగడ్డ ఉంది. కోడి అన్నాక పసుపూ ఉప్పూ వేసి రుద్ది కడగకపోతే ఎలా అని ఆయన వాదన. తర్వాత దానికి అల్లంవెల్లుల్లీ కారమూ పట్టించబోతే, పట్టించింది పట్టించినట్టే జారి పళ్ళెంలో పడింది. దారంతో కట్టేద్దామా అన్నారు. సరే, ఎలాగో బుట్టలో పెట్టి, వేపుడంటే కరివేపాకు ఉండాలి కదా అని పైన గుప్పెడు దూశారు. మిషను తిరగడం మొదలవగానే ఆ గాలికి ఆకులన్నీ పైకి లేచి, ఎర్రగా కాలే తీగకి అతుక్కున్నాయి. ఇల్లంతా పొగ. ఎదురింటాయన పరిగెత్తుకొచ్చి, జుట్టు ఆరబెట్టుకునే మిషన్లో కోడిని పెట్టారేంటండీ అని అడిగి, ఆ ముక్క వీధంతా చెప్పుకొచ్చాడు. ఇంత చేసి బయటికి తీస్తే పైన బొగ్గు, కోసి చూస్తే లోపల పచ్చి. అత్తయ్యగారు ఆ రోజు కూడా మజ్జిగన్నమే తిన్నారు.

ఇంకొకరైతే మిషను అటకెక్కించేవారు. ఆయన మొండిఘటం. దానికి గాలిపొయ్యి అని పేరుపెట్టి, చేతులు వెనక్కి కట్టుకుని దాని ముందు నిలబడి, బండి కాటా ఎక్కుతుంటే చూసినట్టు చూసేవారు. అది గంట కొడితే "వస్తున్నానండీ" అని జవాబు చెప్పేవారు. మిషన్ని కూడా అండీ అన్న మనిషిని నేను ఆయన్నే చూశాను. పోనుపోను కిటుకు దొరికింది. గడ్డకట్టిన ముక్కకి ఏమీ పట్టించకూడదు, ముందు ఉత్తగానే లోపల పెట్టి చల్లదనం వదిలేదాకా తిరగనివ్వాలి. పైన తడి పట్టి మెత్తబడ్డాక తీసి, అప్పుడు పెరుగులో కలిపిన అల్లంవెల్లుల్లి, మిరియాలపొడి, ఉప్పు రాసి మళ్ళీ పెట్టాలి. మధ్యలో ఒకసారి తిరగెయ్యాలి. లావు ముక్కనీ పల్చటి ముక్కనీ ఒకే బండికి ఎక్కించొద్దనేవారు. ఆఖర్న లావుగా ఉన్నచోట కోసి చూసి, ఎరుపు లేకుండా తెల్లగా ఉండి, నీరు తేటగా వస్తేనే కంచంలోకి. కరివేపాకు విడిగా వేయించి, పొడిచేసి పైన చల్లేవారు. "మిషనుకి తొందరేం లేదమ్మాయ్, తొందరంతా మనదే" అనేవారు నాతో.

అత్తయ్యగారు ఒకరోజు ఒక ముక్క తుంచి నోట్లో వేసుకుని, వేపుడు కాదు గానీ తినొచ్చు అన్నారట. ఆ మాట చెప్పడానికి ఆయన నేను బట్టలు ఆరేస్తున్నచోటికి గరిటె పట్టుకుని వచ్చారు. అంత సంతోషం ఆయన ముఖంలో కూతురి పెళ్ళినాడు కూడా నేను చూడలేదు. కానీ రెండు రోజులకే మళ్ళీ మొదటికొచ్చింది. ఆయన కంచంలో వేపుడూ, తన కంచంలో ఇదీ పక్కపక్కన చూసుకునేసరికి ఆవిడకి మళ్ళీ ముద్ద దిగలేదు. ఆ మర్నాటినుంచి ఆయన కూడా వేపుడు మానేశారు. మీకెందుకండీ ఈ పథ్యం, కావాలంటే మా ఇంట్లో తినండి అని నేను ఆవిడ వినకుండా అడిగాను.

"ఒక్కళ్ళు తింటే అది పథ్యం అమ్మాయ్. ఇద్దరూ తింటే కూర" అన్నారు.

ఆ మాట మీద నిలబడ్డారు. రోజూ ఆవిడ ఎదురుగా కూర్చుని, అదే ముక్క తింటూ, అద్భుతమనీ, ఇన్నాళ్ళూ అనవసరంగా నూనె తగలేశామనీ వీధికి వినబడేలా పొగిడేవారు. ఒక ఓణీల ఫంక్షన్‌లో నేనే చూశాను. నాటుకోడి వేపుడు పళ్ళెం ముందుకొస్తే చెయ్యి అడ్డుపెట్టి, పప్పూ పెరుగుతో లేచిపోయారు. ఆవిడ ఊళ్ళో లేరు కదా అంటే, ఇక్కడ అది తింటే రేపు ఇంట్లో ఇది సహించదన్నారు. నవ్వొచ్చింది. ఇప్పుడు తలుచుకుంటే కళ్ళు చెమరుస్తున్నాయి. అత్తయ్యగారు మాత్రం మళ్ళీ ఒళ్ళు చేశారు. జాకెట్లు వదులు చేయించుకోవాల్సి వచ్చిందని ఆయన్ని సాధించేవారు.

అలాంటిది, ఆయన పోయిన దగ్గర్నుంచి ఆవిడ పచ్చిమంచినీళ్ళు తప్ప ముట్టలేదు. వేళకి మాత్రలు వెయ్యాలి, కడుపులో ఏమీ లేదు. వాళ్ళమ్మాయికి ఏడవడానికి కూడా తీరిక లేదు, పళ్ళెం పట్టుకుని తల్లి చుట్టూ తిరగడమే సరిపోయింది. మూడోనాడు చిన్నకర్మ వచ్చింది. మా వాళ్ళలో ఆ రోజు పోయినవారికి ఇష్టమైనవన్నీ వండి, విస్తట్లో డాబా మీద పెడతారు. కాకి ముట్టుకుంటే ఆయన తిన్నట్టే. నాన్నకి ఇదంటే ప్రాణం కదా అని, వాళ్ళమ్మాయి గాలిపొయ్యిలో ముక్కలు చేసి విస్తట్లో పెట్టబోయింది. అంతవరకూ గోడకి జారబడి కూర్చున్న అత్తయ్యగారు లేచారు.

"అది పెట్టకమ్మా. ఆయనకి ఏనాడూ నచ్చలేదది" అన్నారు.

మేమంతా ఆవిడ వంకే చూశాం. ఆయన నమిలే తీరులోనే తెలిసేదిట. మరి ఆ మాట ఆయనతో ఎప్పుడూ అనలేదా అని అడిగాను. అంటే ఆయన ఒప్పుకోవాల్సి వచ్చేది, ఒప్పుకుంటే మళ్ళీ వేపుడు తినాల్సి వచ్చేది, అప్పుడు నాతో కూర్చునేదెవరమ్మా అన్నారు. తర్వాత మూకుడు తెప్పించి, నిండా నూనె పోయించి, ఎముకలున్న ముక్కలు పెట్టి, దగ్గరుండి వేపుడు చేయించారు.

విస్తరి డాబా పిట్టగోడ మీద పెట్టాం. ఆవిడ కూడా మెల్లగా ఎక్కి వచ్చి కుర్చీలో కూర్చున్నారు. ఎక్కువసేపు చూడనవసరం లేకపోయింది. ఒక కాకి వచ్చి, పప్పూ గారెలూ వదిలేసి, అన్నిటికంటే పెద్ద ముక్క ముక్కున కరుచుకుని నీళ్ళ ట్యాంకు మీదికి ఎగిరింది. దాన్ని కాలికింద నొక్కిపెట్టి పీక్కు తింటోంది.

"ఎముక కూడా వదిలేట్టు లేరు" అన్నారు అత్తయ్యగారు. ఆ మూడు రోజుల్లో ఆవిడ నవ్వడం అదే మొదలు.

తర్వాత నా వైపు చెయ్యి చాపి, కింద మిషన్లో చేసినవి అలాగే ఉన్నాయి కదా, నాకు అవి పట్రా అన్నారు. తెచ్చాను. కంచం ఒళ్ళో పెట్టుకుని, ట్యాంకు వైపు తిరిగి కూర్చుని, ఆవిడ మొదటి ముక్క తుంచుకున్నారు.