నాపరాళ్ల ఊళ్లో అబేనా సినిమా

పోయిన నెల హైదరాబాదులో ఒక ప్రదర్శన చూశాను. ఘనా దేశపు చిత్రకారిణి, దర్శకురాలు అబేనా నాపరాళ్ల మీద గుడ్డ పరిచి, బొగ్గు రుద్ది తీసిన అచ్చులవి. గుడ్డల నిండా ఉలి దెబ్బల గుర్తులే. బనగానపల్లె దగ్గరి గనుల్లో రెండేళ్ల కిందట చిన్న సినిమా కూడా తీసిందట, ఇంతవరకు ఎక్కడా చూపించలేదట. ఎందుకని అడిగితే, "ముందు ఆ ఊళ్లో ఒకామెను అడగాలి. నాకు తెలుగు రాదు, మీరు వస్తారా?" అంది.

ఆదివారం తెల్లవారుజామున కర్నూలులో దిగి, బస్టాండు ఎదుట బొరుగుల ఉగ్గాని, బజ్జీ తిన్నాం. ఇద్దరికీ కలిపి వంద లోపే. ఆరున్నర బస్సు బనగానపల్లె చేరడానికి రెండు గంటలు దాటింది. అక్కడి నుంచి ఊరికి ఆటో మూడు వందలు. డ్రైవరు బాషా అబేనాను చూడగానే గుర్తుపట్టాడు.

"ఈయమ్మ అప్పుడు కెమెరా ఎత్తుకోని ఈడనే తిరుగుతాండె గదప్పా! నాగమ్మ ఇంటికేనా?"

అవును, నాగమ్మ ఇంటికే. ఆమె, భర్త ఈరన్న గనిలో పనిచేసేవారు. సినిమాలో ఎక్కువ భాగం ఈరన్నే. సినిమా తీసిన ఆరు నెలలకు జబ్బుచేసి పోయాడు. నాగమ్మ వద్దంటే అతనున్న భాగమంతా తీసేయాలని అబేనా నిశ్చయించుకుంది. అప్పుడు మిగిలేవి రాళ్లే.

బడి గదిలో కిటికీలకు దుప్పట్లు కట్టి, తెల్లగోడ మీద ముందు నాగమ్మ ఒక్కదానికే సినిమా వేశాం. ఈరన్న రాయిని తట్టి, చెవి ఆనించి వింటాడు. ఎక్కడ చీలుతుందో చెబుతాడు. తర్వాత సద్ది విప్పి, ఉల్లిగడ్డ పెట్టలేదని భార్యను తిడుతూ నవ్వేస్తాడు. నాగమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. సినిమా అయిపోయింది. అబేనా నా వైపు తిరిగి, అడగమని సైగ చేసింది.

"ఆయనున్నది తీసేయమంటావా అమ్మా?" అని అడిగాను.

"యాల తీసేయల్ల? మా యింట్లో ఆధార్ కార్డు ఫోటో తప్ప ఆయప్పది ఇంగోటి లేదు. దాంట్లో నగనే నగలేదు, మొగం బిగబట్టుకోనుండాడు. మల్లా ఎయ్యప్పా, అందర్నీ పిల్చకొస్తా" అని లేచింది.

గది నిండిపోయింది. ఉల్లిగడ్డ మాట రాగానే అందరూ గొల్లున నవ్వారు. నాగమ్మ గోడకేసి చెయ్యి చాపి, "పెట్టింటి! అడుగున ఉండె, నువ్వే చూసుకోల్యా!" అని గట్టిగా అరిచింది.

మధ్యాహ్నం ఆమె చేసిన జొన్నరొట్టె, చెనిక్కాయ పొడి, అంటే వేరుశనగ పొడి, తిని బయలుదేరాం. వెళ్లాలనుకునేవాళ్లు బనగానపల్లెలోనే ఆటోను రానుపోను మాట్లాడుకోండి. మేము ఆ పని చేయక, మెయిన్ రోడ్డు దాకా నాలుగు కిలోమీటర్లు ఎండలో నడిచాం. అయినా ఇద్దరికీ అలసట తెలియలేదు. ఒక మనిషి మీద సినిమా తీయడం వేరు, అతని ఊరివాళ్ల మధ్య కూర్చుని దాన్ని చూడడం వేరు అనుకుంటూ నడిచాను. దారిలో అబేనా, "నాగమ్మ గోడతో ఏమంది?" అని అడిగింది. చెప్పాను. ఆమె కాసేపు నవ్వి, రోడ్డు మధ్యలో ఆగిపోయింది.

"బడిలో కెమెరా సంచిలోనే ఉంది, బయటికి తీయలేదు. మంచిదే అయింది. అది ఆయనకు చెప్పిన మాట."