లోపల మనిషి ఉండగా వేసిన తాళం

అది మంగళవారం, మధ్యాహ్నం రెండుంబావు. రొయ్యల చెరువులో మేత చల్లించి అన్నానికి ఇంటికి వచ్చాను. వీధి తలుపుకు నేను వేసిన తాళం పగిలి గడప పక్కన పడి ఉంది. లోపల నా భార్య ఉంది.

పదకొండేళ్లుగా రోజూ ఆమెను లోపల ఉంచి తాళం వేసుకుని వెళ్లేవాణ్ణి. పెరటి తలుపుకు మేకులు కొట్టించాను. ఆమె ఎనిమిది చదివింది, నేను వేలిముద్రగాణ్ణి. ఆమె పకోడీ పొట్లం కాగితం చదివి నవ్వుకున్నా, ఎవడో ఆమెకు రాసిన ఉత్తరమేమోనని నా కడుపు మండేది. రాత్రిళ్లు పక్కలో కూడా తాళంచెవి నా మొలతాడుకే ఉండేది. అది ఒరుసుకుని ఆమె ఒంటి మీద గీతలు పడేవి.

లోపల అడుగు పెట్టగానే, ముఖానికి తువ్వాలు చుట్టుకున్న మనిషి ఒకడు నా మెడ మీద బొండాలు కొట్టే కత్తి పెట్టాడు.

"తాళం చూసి ఎవరూ లేరనుకున్నానండి. మనిషిని లోపలెట్టి తాళమేసేరేంటండీ బాబూ? గేదెనైనా గాలాడే చోట కడతారు కదండీ!"

బీరువా తాళాలు ఇచ్చేశాను. నగలు మూటగట్టుకుని, నన్ను ముందుకు తోసుకుంటూ తలుపు దాకా వచ్చాడు. ఆమె వైపు తిరిగాడు.

"బయట గొళ్ళెం పెట్టేసి పోతానమ్మగారూ. మీరు లోపలుంటారా, బయటికొచ్చేస్తారా?"

కత్తి ఇంకా నా మెడ మీదే ఉంది. అయినా నేనన్న మాట ఇది: "కదిలేవంటే కాళ్లు విరగ్గొడతానే."

ఆమె నన్ను చూడలేదు. తడి చేతులు కొంగుకు తుడుచుకుని బయటికి నడిచింది. వాడు నన్ను వెనక్కి తోసి గొళ్ళెం పెట్టేశాడు. బండి చప్పుడు దూరమైంది.

తలుపు అవతల ఆమె దగ్గింది.

"తియ్యవే," అన్నాను. తిట్టాను. చివరికి, పెళ్లయ్యాక మొదటిసారి, "తియ్యమ్మా" అన్నాను.

"కూర పొయ్యి మీదుందండి. అన్నం పెట్టుకుని తినండి," అంది. గేటు చప్పుడైంది. మామిడికుదురులో వాళ్లక్క ఇంటికి వెళ్లిపోయింది. మళ్లీ రాలేదు.

సాయంత్రం పక్కింటి వదినగారు వచ్చి గొళ్ళెం తీశారు. నా భార్య ఊళ్లో లేదని, ఇంట్లో నేనొక్కణ్ణే ఉన్నానని ఎస్సైగారికి చెప్పాను. అలాగే రాసుకున్నారు, నేను వేలిముద్ర వేశాను. అరవై దాటాక అక్షరాలు దిద్దుకుని, ఇప్పుడిది నా చేత్తో రాస్తున్నాను. ఆ కాగితంలో ఉన్నది అబద్ధం. ఆ మధ్యాహ్నం ఆ ఇంట్లో ఉన్నది ముగ్గురం: తాళం పగలగొట్టిన మనిషి, నా భార్య, తాళం వేసిన నేను.