ఎలిహియో ఎడమ చెయ్యి

మా బావ ఎలిహియో సెవెరినో పేరెత్తితే చాలు, మా ఊళ్లో అందరిదీ ఒకటే మాట. "అయ్యో, ఆ మార్సియానో గాడు నోరు మూసుకుని ఉండుంటేనా!" అంటారు. ఆ మార్సియానో గాణ్ణి నేనే. మంగలి కొట్టుకి వెళ్లినా అదే గోల, డామినోలు ఆడుకునే చోటికి వెళ్లినా అదే గోల. ఆ ఆదివారం నేను చూసింది వీళ్లలో ఒక్కడూ చూడలేదు. తీర్పులు చెప్పడానికి మాత్రం ముందుంటారు. ఒళ్లు మండదా మరి?

బేస్‌బాల్ ఆటలో బావ పిచ్చరు, నేను క్యాచర్ని. వాడు విసరడం, నేను పట్టడం. చెరుకు మిల్లు వెనక మైదానంలో చిన్నప్పట్నుంచీ ఇదే పని. పదహారో ఏట ఓ అమెరికా జట్టు వాణ్ణి ఎగరేసుకుపోయింది. వాళ్లమ్మ మేకని కోసి వీధి వీధంతటికీ పెట్టింది. ఇంకో రెండేళ్లలో పెద్ద లీగులో ఆడేస్తాడు, మనం రేడియో పక్కన కూర్చుని వినడమే తరువాయి అనుకున్నాం.

పెద్ద లీగూ లేదు, గాడిదగుడ్డూ లేదు. చిన్న చిన్న ఊళ్ల జట్లలో, రాత్రంతా నడిచే బస్సుల్లో వాడి వయసంతా గడిచిపోయింది. మంచు ఇంకా కరగని చోట ఆడాల్సొస్తే బంతి చేతిలో ఇటుకముక్కలా ఉండేదట. భాష రాక, హోటల్లో పక్క బల్ల మీదేముంటే దానికేసి వేలు చూపించి తినేవాడు. ఒక వేసవిలో పెద్ద లీగు నుంచి పిలుపొచ్చింది. ఒక్క సాయంత్రం బంతి వేశాడు, ఆ వారంలోనే వెనక్కి పంపేశారు. తర్వాత మెక్సికో, నికరాగువా, తైవాన్. ఇటలీలో అయితే వారమంతా గిడ్డంగిలో పెట్టెలు మోసి, సెలవు రోజున ఆడేవాడు.

ఎక్కడికెళ్లినా చివర ఒకటే తంతు. ఎవడో వచ్చి భుజం మీద చెయ్యేసి "మేనేజర్ గదిలోకి రమ్మంటున్నాడు" అంటాడు. లోపలికి వెళ్లి బయటికొచ్చేసరికి ఆ జట్టులో చోటుండదు. అలా ఎన్నిసార్లయిందో వాడే మర్చిపోయాడు. మా చెల్లెలు యొకాస్తాతో పెళ్లయిన రోజు చర్చిలో ఫాదర్ దీవించడానికి భుజం మీద చెయ్యేస్తే ఉలిక్కిపడ్డాడు. పక్కనున్న నాకు నవ్వాలో ఏడవాలో తెలీలేదు.

చలికాలం రాగానే ఇంటికొచ్చి మా ఊరి జట్టుకి ఆడేవాడు. ఆఖరికి అదొక్కటే మిగిలింది. ఆ ఆదివారానికి ముందు ఏడాది, బంతి వేసే ఎడమ మోచేతికి కోత పడింది. లోపల నరాన్ని పక్కకి జరిపి కుట్లేశారు. డాక్టరు గట్టిగానే చెప్పాడు. "మళ్లీ వేళ్లు తిమ్మిరెక్కితే అక్కడికక్కడే ఆపెయ్. మొండికేశావా, చెయ్యి మడుచుకుపోతుంది, ఇక విప్పలేవు."

ఆదివారం పొద్దున యొకాస్తా నాకు కాఫీ ఇస్తూ గొంతు తగ్గించింది.

"అన్నయ్యా, ఆ చెయ్యి నువ్వే కనిపెట్టుకుని ఉండాలి. ఆయన అంతట ఆయన దిగడు."

"నీ మొగుడు మొండోడని నాకు తెలీదా?"

"వేళాకోళం కాదు. ఆ చెయ్యి పోతే ఆయన రేపు ఏ పనికి పోతాడు? నేనేం చెయ్యను?"

మా మేనేజర్ డాన్ ప్లూతార్కో కూడా వాడికి మొహం మీదే చెప్పేశాడు. ఈ ఆట బాగా వేస్తే తర్వాతి రౌండుకి ఉంచుకుంటాను, లేకపోతే నీ చోట్లోకి కుర్రాళ్లొస్తారని. ఇలాంటి మాట నెత్తిమీద పెట్టుకుని వాడు బంతి విసిరే మట్టిదిబ్బ ఎక్కాడు.

ఎక్కి ఏం వేశాడండీ! రాజధాని నుంచి వచ్చిన జట్టు, ఒక్కొక్కడూ గున్న ఏనుగులా ఉన్నాడు. ఒక్కడికీ బంతి అందలేదు. మూడో ఇన్నింగ్స్ అయింది, నాలుగైంది, ఐదైంది, ఒక్క హిట్ లేదు, అంటే బంతిని కొట్టి మొదటి బేస్ దాకా చేరినవాడు ఒక్కడూ లేడు. స్టేడియంలో డప్పులు ఆగిపోయాయి. వేయించిన అరటికాయలు అమ్మేవాళ్లు కూడా బుట్టలు దించి చూస్తున్నారు.

మా ఆటలో ఒక కట్టుబాటుంది. పిచ్చర్ ఒక్క హిట్టూ ఇవ్వకుండా ఆట సాగుతుంటే వాడితో ఎవరూ మాట్లాడకూడదు, పక్కన కూర్చోకూడదు, వాడి మొహంలోకి చూడకూడదు. మాట్లాడితే దిష్టి తగులుతుంది, తర్వాతి బంతికే హిట్ పడుతుంది. నమ్మనివాడు కూడా పాటిస్తాడు. రేపు జనం తన మీద పడకూడదు కదా! తొమ్మిది ఇన్నింగ్సూ అలా గడిస్తే ఆ పిచ్చర్ పేరు ఈ తీరంలో ఎప్పటికీ చెప్పుకుంటారు. బావకి జీవితంలో ఇంకేం మిగల్లేదు. అందుకే అందరం నోళ్లు కట్టేసుకుని కూర్చున్నాం. నోరు ఆగదని నన్ను చిన్నప్పట్నుంచీ చిలక అంటారు. అలాంటి నేనే నాలుక కరుచుకుని ఉన్నానంటే చూసుకోండి.

ఆరో ఇన్నింగ్స్ అయ్యాక బావ బెంచీ దగ్గరికొచ్చాడు. నేను బ్యాటు తీసుకుని వెళ్లబోతూ చూశాను. వాడు మాలీషు చేసే నెరెయో వైపు నడిచాడు. నెరెయో వీణ్ణి చూసి ఐసు పెట్టె ఎత్తుకుని గబగబా మరుగుదొడ్లోకి దూరి గడియ వేసుకున్నాడు. బావ తలుపు ముందు కాసేపు నిలబడి డాన్ ప్లూతార్కో వైపు తిరిగాడు. ఆయన దేవుడా అనుకుంటూ గోడకేసి తిరిగి శిలువ గుర్తు వేసుకున్నాడు. సరే, మిగిలినవాళ్ల దగ్గరికి వెళ్దామనుకుంటే, బెంచీ మీదున్నవాళ్లు ఒక్కొక్కళ్లే ఆ చివరికి జరిగిపోయారు. చివరికి వాడు ఒక్కడే మధ్యలో కూర్చుని ఎడమ చేతిని కుడిచేత్తో పట్టుకున్నాడు. కావాలనే దగ్గరికొచ్చి అందరినీ ఆటపట్టిస్తున్నాడని కొందరు మొహాలు తిప్పుకుని నవ్వారు.

నాకు మాత్రం అలా అనిపించలేదు. ఆటపట్టించే మనిషి మొహం అలా ఉండదు.

ఏడో ఇన్నింగ్స్‌లో నా గ్లవ్వే నాకు సంగతి చెప్పింది. బంతి వచ్చి ఠప్పున కొట్టడం లేదు, మెత్తగా వచ్చి కూలబడుతోంది. వేగంగా వెయ్యమని వేళ్లతో సైగ చేశాను. వాడు తల అడ్డంగా ఊపాడు. మళ్లీ చేశాను, మళ్లీ ఊపాడు. అన్నీ నెమ్మది బంతులే. ఒకడు దాన్ని గోడదాకా లేపాడు. మావాడు గోడకి ఒళ్లు కొట్టుకుని పట్టాడు కాబట్టి సరిపోయింది. స్టేడియమంతా ఒక్కసారి హమ్మయ్య అంది.

ఎనిమిదో ఇన్నింగ్స్. మొదటివాణ్ణి ఎలాగో అవుట్ చేశాం. రెండోవాడు వస్తుంటే బావ గ్లవ్వులోంచి బంతి తియ్యబోయాడు. బంతి జారి కింద పడింది. వంగి తీశాడు, మళ్లీ పడింది. జనం నవ్వారు. వాళ్లకి అది కంగారులా కనిపించింది. నాకు వాడి చిటికెన వేలు కనిపించింది. అది కొంకీలా వంగి అలాగే ఉంది.

స్టాండ్లో యొకాస్తా కళ్లు మూసుకుని జపమాల తిప్పుతోంది. ఇక కట్టుబాటూ లేదు, గిట్టుబాటూ లేదు అనుకున్నాను. అంపైర్ని ఆగమని చెప్పి దిబ్బ వైపు నడిచాను. వెనక నుంచి డాన్ ప్లూతార్కో అరుపు వినిపించింది.

"ఒరేయ్ చిలకా! నోరు విప్పావో, చంపేస్తాను!"

దిబ్బ ఎక్కి మొహాన ఉన్న జాలీ ముసుగు తీశాను. "బావా, చేతికేమైంది?"

వాడు నా వైపు చూశాడు. కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"ఒక్కడన్నా అడుగుతాడేమోనని తిరుగుతున్నాన్రా అప్పట్నుంచీ. రెండు వేళ్లు లేవు నాకు. బంతి చేతిలో ఉందో లేదో చూసుకుంటే గానీ తెలియట్లేదు."

"మరి దిగొచ్చు కదరా!"

"ఎలా దిగను? ఇరవయ్యేళ్ల నుంచి ఎవడో ఒకడు దించుతూనే ఉన్నాడు. నా కాళ్లతో నేను దిగడం నాకు రాదు. ఇలాంటి రోజు వదులుకుని దిగమంటే ఏ కాళ్లు కదులుతాయి?" జనం వైపు ఒకసారి చూశాడు. "ఇంకా ఐదుగురే కదరా అవుటవ్వాల్సింది. ఐదుగురు."

నిజమే, ఐదుగురే. వాళ్లు నేలకేసి కొట్టేలా నాలుగు బంతులు, గాల్లోకి లేపేలా నాలుగు బంతులు, అదృష్టం ఉంటే అయిపోతుంది. వాడి పేరు గోడ మీద రాస్తారు. ఆ చేత్తో ఇక స్పూను కూడా పట్టలేడు. అంపైర్ మా వైపు నడిచొస్తున్నాడు.

"నువ్వు చెప్పరా," అన్నాడు బావ. "నువ్వేది చెబితే అది."

"దిగు."

వాడు బంతి నా గ్లవ్వులో పెట్టాడు. మేనేజర్ రాలేదు, ఎవరూ పిలవలేదు, భుజం మీద చెయ్యి పడలేదు. తనంతట తనే దిబ్బ దిగి నడుచుకుంటూ వెళ్లిపోయాడు. ఒక్క క్షణం ఎవరికీ ఏం జరిగిందో తెలియలేదు. తెలిశాక మొదలైంది. గ్లాసులు, నారింజ తొక్కలు, బూతులు, అన్నీ నా మీదకే. మా అమ్మని కూడా వదల్లేదు.

వాడి బదులు వచ్చిన కుర్రాడు వేసిన రెండో బంతికే హిట్ పడింది. ఆ ఆట మేం గెలిచాం కూడా, ఒక్క పరుగు తేడాతో. అదెవడికీ గుర్తులేదు. డాన్ ప్లూతార్కో మర్నాటి నుంచి నన్ను బెంచీ మీద కూర్చోబెట్టాడు. బావ మళ్లీ ఎప్పుడూ బంతి వెయ్యలేదు. ఇంకొంచెం సాగదీసి ఉంటే ఆ చెయ్యి ఎందుకూ పనికొచ్చేది కాదని డాక్టరన్నాడు. అదంతా తర్వాతి మాట.

ఆ సాయంత్రం ఆట ముగిశాక లోపలి గదిలోకి వెళ్లాను. బావ ఒక్కడే కూర్చుని చొక్కా గుండీ విప్పుకోవాలని చూస్తున్నాడు, రావట్లేదు. నేను ముందు కూర్చుని ఒక్కొక్కటే విప్పుతున్నాను. ఇంతలో తలుపు తోసుకుని అందరూ వచ్చేశారు. హిట్ పడిపోయింది కదా, ఇప్పుడు మాట్లాడొచ్చు. ఒకడు వీపు తట్టాడు, ఒకడు నీళ్లు తెచ్చాడు, అందరూ ఒకేసారి ఏదేదో అంటున్నారు. నెరెయో ఐసు పెట్టె పట్టుకుని పరుగున వచ్చి బావ చెయ్యి తన ఒళ్లో పెట్టుకున్నాడు. వంగిపోయిన వేళ్లు చూసి వాడికి నిజంగానే కళ్లనీళ్లు తిరిగాయి.

"అయ్యయ్యో, ఏంటి నాయనా ఇది! ఇంత నొప్పిగా ఉంటే నాతో ఒక్క మాట చెప్పొచ్చుగా!"

బావ వాడి మొహంలోకి చూశాడు. చూసి నవ్వడం మొదలుపెట్టాడు. ఆగకుండా నవ్వాడు. నెరెయో కూడా ఏమీ అర్థం కాకపోయినా కలిసి నవ్వాడు, వెనకున్నవాళ్లూ నవ్వారు. బావ ఏడుస్తున్నాడని అందరికీ తెలియడానికి చాలాసేపు పట్టింది.