పదకొండు నెలల అగ్రిమెంటు

మా చెల్లెలు హైకోర్టుకెక్కి ఆఫీసు మెడలు వంచిందని సూర్యాపేటలో ఇప్పటికీ చెప్పుకుంటారు. పెళ్ళిళ్ళలో నా మొహం మీదే చెప్తారు. అబద్ధం. ఎవరి మెడలూ వంగలేదు. వాళ్ళు విన్నది సగమే.

చెల్లెలు వ్యవసాయ డిప్లొమా చదివింది. మిర్యాలగూడలో ఒక సేటు ఎరువుల దుకాణంలో పన్నెండేళ్ళుగా కౌంటర్ దగ్గర నిలబడుతోంది. రైతులు సేటును కాదు, ఆమెను అడిగే మందు తీసుకుపోతారు. సొంత దుకాణం పెట్టుకోవాలని మునగాలలో హైవే పక్కన ఒక మడిగె కిరాయికి తీసుకుంది. అందరిలాగే పదకొండు నెలలకే అగ్రిమెంటు రాయించుకుంది. ఇక ఎరువులు అమ్మే లైసెన్సు రావాలి. అది లేకుండా ఒక్క బస్తా దించడానికి లేదు.

దరఖాస్తు ఇవ్వడానికి ఇద్దరం వ్యవసాయ శాఖ ఆఫీసుకు వెళ్ళాం. అక్కడ లైసెన్సుల సీట్లో ఉన్న గుమాస్తాది తిరుమలగిరి, మా అమ్మ పుట్టిన ఊరు. వరసకు తమ్ముడవుతాడు. అందినట్టు ముద్ర వేసి ఇమ్మని చెల్లెలు అడిగింది.

"ముద్రెందుకక్కా? నేను పరాయోణ్ణా?" అన్నాడు.

ఊళ్ళో అందరితో తగువు పెట్టుకునే నేను, ఆ పూట మాత్రం మర్యాదకు పోయి, ఇక ఊరుకోమని చెల్లెలినే మోచేత్తో పొడిచాను.

ఏడు నెలలు తిరిగాం. సారు మీటింగులో ఉన్నారన్నారు, సెలవన్నారు, ఫైలు పైకి పోయిందన్నారు. ఆ తమ్ముడికి బదిలీ కూడా అయిపోయింది. చివరికి కోదాడలో ఒక వకీలు దగ్గరికి పోతే అంతా విని ఒక్కటే అడిగాడు.

"దరఖాస్తు ఇచ్చినట్టు కాగితం ఏదమ్మా? వాళ్ళు ఆలస్యం చేశారనాలంటే ముందు మీరు అడిగినట్టు రుజువుండాలి కదండీ."

కోర్టు దృష్టిలో ఆ ఏడు నెలలు లేనే లేవు. మళ్ళీ దరఖాస్తు రాసి, రిజిస్టర్డ్ పోస్టులో పంపి, ఇంకో రెండు నెలలు ఆగి, అప్పుడు హైకోర్టులో రిట్ వేశాం.

న్యాయమూర్తి లైసెన్సు ఇమ్మనలేదు. నాలుగు వారాల్లో చట్టప్రకారం ఏదో ఒకటి తేల్చమన్నారు. ఇవ్వడం, ఇవ్వకపోవడం ఆఫీసు ఇష్టం, తేల్చకుండా కూర్చోవడం మాత్రం కుదరదట. ఊరు విన్నది ఇంతవరకే. మా ఇంటికొచ్చి స్వీట్లు కూడా తిన్నారు.

ఆ నాలుగు వారాల మధ్యలోనే అగ్రిమెంటు తీరిపోయింది. మూసి ఉన్న మడిగెను చూసి చూసి విసిగిన యజమాని దాన్ని టైర్లవాడికి ఇచ్చేశాడు. కోర్టు పెట్టిన గడువుకు ఒక్కరోజు ముందు ఆఫీసు ఉత్తరం వచ్చింది. దుకాణం స్థలానికి చెల్లుబాటయ్యే అగ్రిమెంటు లేనందున దరఖాస్తు తిరస్కరించడమైనది. కోర్టు మాటను వాళ్ళు అక్షరాలా పాటించారు.

దాని మీద అప్పీలు చేసుకోవచ్చని వకీలు చెప్పాడు. చెల్లెలు ఉత్తరం మడిచింది.

"గెలిస్తే దుకాణం యాడ పెట్టాలక్కా, టైర్ల మీదనా?"

మర్నాడు మిర్యాలగూడ బస్సెక్కి సేటు కౌంటర్ దగ్గరికే పోయింది.

నేను వకీలును అడిగినదానికి మాత్రం ఆయనా తిన్నగా చెప్పలేదు, ఇంతవరకూ ఇంకెవరూ చెప్పలేదు. మేం దరఖాస్తు పెట్టుకున్న రెండుసార్లూ మా అగ్రిమెంటు బతికే ఉంది. మరి ఆఫీసు చూడాల్సింది మేం అడిగిన రోజునా, వాళ్ళు కళ్ళు తెరిచిన రోజునా?