మగ్గం ఆగినప్పుడల్లా

మీరు మీ నాయనతో ఏనాడూ మాట్లాడలేదు. అమ్మ చేత కబుర్లు పంపారు, అంతే. దానికి గౌరవమని పేరు పెట్టుకున్నారు.

మా చిన్నప్పుడు... మాధవరంలో మా ఇల్లంతా మగ్గం చప్పుడే. నాయన మగ్గం గుంటలో కాళ్లు పెట్టుకుని చీర నేసేవాడు. వసారాలో అమ్మ రాట్నం తిప్పుతూ కండెలకు నూలు చుట్టేది. ఆమె పక్కన నేనూ, తమ్ముడూ... ఆ చప్పుడు సాగినంతసేపూ రాజ్యం మాదే. వాడు లెక్కల అయ్యవారి నడక నడిచి చూపిస్తే నేను కడుపు పట్టుకుని నవ్వేదాన్ని.

ఉన్నట్టుండి మగ్గం ఆగేది.

"మీ నాయన ఆపినాడు... ఇంగ నోర్లు మూసుకోండి" అని గుసగుసలాడేది అమ్మ.

మేం బిగుసుకుపోయేవాళ్లం. కాసేపటికి మళ్లీ చప్పుడు మొదలైతే బతికిపోయాం అనుకునేవాళ్లం. నాయన మమ్మల్ని ఒక్క దెబ్బ కొట్టింది లేదు. అయినా భయం. వీధిలో ప్రతి ఇంట్లో అదే భయం... దాన్నే పెంపకం అనేవాళ్లు. సిగ్గు లేకుండా ఇప్పటికీ అంటున్నారు.

పరీక్ష తప్పినా అమ్మకే చెప్పాం. వేరే కులం అబ్బాయిని చేసుకుంటానని నేను చెప్పిందీ అమ్మకే. జవాబూ ఆమె నోటితోనే వచ్చింది... "మీ నాయన సరే అన్నాడు."

అమ్మ పోయింది. మోకాళ్లు పట్టేసి నాయన మగ్గం మానేశాడు. ఇంట్లో చప్పుడు లేదు... అందుకే ఆయన ముందు మాకు మాట రాదు. పోయిన నెల నేనూ తమ్ముడూ వెళ్లి, అన్నాలు తిని, ఎవరి ఫోన్లోకి వాళ్లం తల దూర్చాం. నాయన చాలాసేపు చూశాడు.

"మగ్గం ఆపితే సాలు, మీ నవ్వు ఆగిపోతాండె. ఏం నవ్వుతాండారో ఇందామనే గదా పాపా, నేను ఆపుతాంటి."

"అడగొచ్చు గదా నాయనా" అన్నాను, కోపంగానే.

"ఎట్ల అడగాల? మా నాయన నన్నెప్పుడన్నా అడిగినాడా?" అని, నా వైపు జరిగి, "ఇప్పుడు చెప్పు. ఏం నవ్వుతాంటిరి?"

లెక్కల అయ్యవారి నడక సంగతి చెప్పాను. ఆయన చెవి దగ్గర చెయ్యి పెట్టుకున్నాడు. "గెట్టిగ చెప్పు, ఇనపడల్యా."

అరిచి చెప్పాను. అరిచేసరికి అందులో నవ్వేమీ మిగల్లేదు. నాయన మాత్రం "ఆఁ... ఆఁ..." అంటూ నవ్వాడు. వినపడలేదని ముగ్గురికీ తెలుసు.

కాబట్టి అడుగుతున్నాను...

తండ్రులు నోరు తెరిచి అడగాలి.

"ఉండు, మీ నాయనకు చెప్తా" అని అమ్మలు బెదిరించడం మానాలి.

తలలు నెరిసిన పిల్లలు ఫోన్ చేసి "అమ్మకివ్వు" అనకూడదు.

మీ నాయన దగ్గర దాచిన నవ్వులను ఈ పోస్టు కింద రాయకండి. ఆయన చెవులు పనిచేస్తుండగానే వెళ్లి ఆయనకే చెప్పండి.